తిరగేసిన బొమ్మ

ఖరగ్‌పూర్ మలంచాలో ఏంజలిన్ ఆంటీ కుర్చీ ఎక్కి అటక మీంచి బిస్కెట్ డబ్బా దించుతుంటే, ప్రవల్లిక కింద కుర్చీని గట్టిగా పట్టుకుని నిలబడింది. పట్టుకున్నది కుర్చీనే గానీ ప్రాణమంతా డబ్బా మీదే ఉంది. డెబ్బై దాటిన మనిషిని కుర్చీ ఎక్కనివ్వడం తప్పే. తానెక్కుతానని ముందే అంది కూడా. ఆంటీ ఒప్పుకుంటేగా.

“మా డాడీ సామాను నేనే దించాలి బేటీ. నువ్వు పట్టుకో, చాలు” అందావిడ.

మూత తియ్యగానే పులిసిన వెనిగర్ వాసన గుప్పుమంది. పాత ఫిల్ము పాడవడం మొదలుపెడితే వచ్చే వాసన అది. ఇంకొకరైతే ముక్కు మూసుకునేవారు. ప్రవల్లిక ముక్కు డబ్బాలో పెట్టినంత పని చేసింది. వాసన కొంచెమే ఉంది, అంటే రీళ్ళు ఇంకా బతికే ఉన్నాయి. చేతులకు తెల్లటి నూలు తొడుగులు వేసుకుని, అన్నిట్లోకీ చిన్న రీలు తీసి, కొస లాగి కిటికీ వెలుతురుకు ఎదురుగా పట్టింది. జడరిబ్బనులో సగం వెడల్పు కూడా లేని ఆ పట్టీలో, గోరు మీది మచ్చంత గళ్ళలో, ఎర్రచీర ఒకటి కనిపించింది. అరవై ఏళ్ళు దాటినా ఎరుపు ఎరుపుగానే ఉంది.

“రంగుల్లో ఉంది ఆంటీ” అంది ప్రవల్లిక. ఆ గొంతు తనదేనా అని తనకే అనుమానం వచ్చింది.

“మరి? మా అంకుల్ ఇంగ్లండ్ నుంచి పంపిన కెమెరా అది. డాడీ ఇంజన్ దిగితే చాలు, మెళ్ళో వేసుకుని తిరిగేవాడు. మనుషులు దొరకలేదా, మేకల్ని తీస్తావు అని మమ్మీ గుస్సా అయ్యేది.” ఆంటీ రీలు మీద అంటించిన కాగితం ముక్కను కళ్ళ దగ్గరికి తెచ్చుకుంది. దాని మీది సిరా ఎప్పుడో వెలిసిపోయింది. “ఈ చిన్నది నాకు యాద్ ఉంది. ఓల్డ్ సెటిల్‌మెంట్ రైల్వే క్వార్టర్లలో తీశాడు. డాడీ ఇంజన్‌లో బొగ్గు వేసే ఫైర్‌మన్ ఉండేవాడు, గవరయ్య. వాడి ఇంటి ముందు. నేనూ వెళ్ళాను. వాడి వైఫ్ నాకు బెల్లం ఇచ్చింది.”

గవరయ్య పేరు వినగానే ప్రవల్లిక ఆంటీ వైపు తిరిగింది. ఓల్డ్ సెటిల్‌మెంట్ సూర్యకుమారి మామ్మ తండ్రి పేరు గవరయ్య. మామ్మను పోయిన నెలే కెమెరా ముందు కూర్చోబెట్టింది. ఆ మాటలను కోస్తూ అతుకుతూ ఎన్నిసార్లు విందో, ఇప్పుడవి నిద్రలో కూడా వినిపిస్తున్నాయి. అందరి అమ్మలూ గోడ మీద ఉన్నారు, మా అమ్మ లేదు. ఒక్క ఫొటో కూడా తియ్యలేదు. నాకు అయిదేళ్ళప్పుడు పోనాది. ముఖం గుర్తు లేదమ్మా, ఎంత ఆలోసించినా రాదు.

ఆదివారం సాయంత్రం రైల్వే ఇన్‌స్టిట్యూట్ హాల్లో తెలుగు సంఘం వార్షికోత్సవం. ఆ రోజు తెర మీద పడేది ప్రవల్లిక సొంతంగా తీసిన తొలి సినిమా, ఖరగ్‌పూర్ తెలుగువాళ్ళ కథ. ఇన్నాళ్ళూ కలకత్తాలో ఎవరెవరి సినిమాలకో కత్తిరింపులు చేసింది. తన సినిమా దగ్గరికొచ్చేసరికి చేతిలో ముసలివాళ్ళ మాటలు తప్ప ఏమీ లేవు. వాళ్ళు పాత రోజులు చెబుతుంటే తెర మీద చూపించడానికి గోడలూ చెట్లూ మిగిలాయి. ఇప్పుడు ఆ పాత రోజులే కదులుతూ, నవ్వుతూ, బిస్కెట్ డబ్బాలో దొరికాయి. ట్రాఫిక్ అనే రైల్వే పేటలోని తన ఇంటి దాకా స్కూటీ ఎలా నడిపిందో ఆమెకే తెలియదు. డబ్బాను మాత్రం చంటిబిడ్డను పెట్టుకున్నట్టు ఒళ్ళో పెట్టుకుంది.

వాళ్ళమ్మ పరమేశ్వరి అప్పుడే వంకాయలు తరుగుతోంది. “ఆ కంపు ఏటే, ఎలకేటైనా సచ్చిందా?” అని అడిగింది. కూతురు బదులు చెప్పకుండా భోజనాల బల్ల మీది గిన్నెలన్నీ గట్టు మీదికి చేర్చి, కలకత్తా నుంచి అరువు తెచ్చిన స్కానింగు మిషను పెట్టింది. మెత్తటి గుడ్డతో రీలు తుడిచి ఎక్కించింది. మిషను ఒక్కో గడినీ ఫొటో తీసుకుంటూ టిక్కు టిక్కుమంటూ కదిలింది. ల్యాప్‌టాప్ మీద బొమ్మలు ఒక్కొక్కటే వచ్చి పేరుకుంటున్నాయి.

మొదటి రీల్లో స్టేషను వచ్చింది. ప్లాట్‌ఫాం, పొగ, గొడుగేసుకున్న మనిషి, పసుపు బోర్డు. బోర్డు మీద అక్షరాలు అద్దంలో చూసినట్టు తిరగబడి ఉన్నాయి. ప్రవల్లిక నవ్వుకుంది. ఇది ఈ పనిలో మామూలే. ఫిల్ముకు ఒక ముఖం నిగనిగలాడుతుంది, రెండోది మసకగా ఉంటుంది. ఏ ముఖం పైకి ఉందో చూసుకోకపోతే కుడి ఎడమవుతుంది. అసలు రీలుకూ దాని నకలుకూ ఆ ముఖాలు తారుమారవుతాయి కనక మెరుపు చూసి తేల్చడం కుదరదు. బొమ్మలో ఏదో ఒక ఆనవాలు దొరకాలి. బోర్డు మీది అక్షరాలకు మించిన ఆనవాలేముంది? ఒక మీట నొక్కింది. స్టేషను బుద్ధిగా తిరిగి కూర్చుంది.

తర్వాత చిన్న రీలు ఎక్కించింది. ఇందులో అక్షరం ముక్క లేదు. మేకలొచ్చాయి. క్వార్టర్ల వరస వచ్చింది. ఆ తర్వాత ఆమె వచ్చింది.

గడప ముందు పాత బకెట్టుకు మట్టి మెత్తి చేసిన బొగ్గుల పొయ్యి. దాని ముందు గొంతుక్కూర్చుని ఎర్రచీర ఆవిడ తాటాకు విసనకర్రతో విసురుతోంది. పొగకు ముఖం పక్కకు తిప్పి, కెమెరాను చూసి, ముందు కోప్పడబోయి, నవ్వేసింది. నవ్వు దాచుకోవడానికి పైట కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. పక్కనే గౌను వేసుకున్న చిన్న పిల్ల విసనకర్రను అందుకోవాలని చెయ్యి చాపింది. ఆవిడ ఇవ్వలేదు. అక్కడితో ఆమె బొమ్మ అయిపోయింది, రీల్లో మిగిలిన కొసను ప్రవల్లిక పట్టించుకోలేదు.

“అమ్మా, ఒకసారి రావే” అని కేకేసి, తల్లి వచ్చేలోగా దాన్ని మళ్ళీ వేసింది. ఆ రెండోసారే కంట్లో పడింది. పైట కుడి భుజం మీద ఉంది. విసనకర్ర ఎడమ చేతిలో ఉంది. ఒకటి కాదు, రెండూ తప్పే. తెలుగు ఆడమనిషి పైట ఎడమ భుజం మీద ఉండకుండా ఎక్కడుంటుంది? ఇదీ తిరగబడిన రీలేనన్నమాట. అక్షరాలు లేకపోయినా పైట చూసి పట్టేశానని ప్రవల్లిక తనను తానే మెచ్చుకుంది. ఈ ఉపాయం కలకత్తాలో తన మేస్టారికి కూడా తెలిసుండదు అనుకుంది. ఆత్రగాడికి బుద్ధి మట్టన్న సామెత ఆ క్షణాన ఆమెకెవరు గుర్తుచేస్తారు? మీట నొక్కింది. పైట ఎడమకీ, విసనకర్ర కుడికీ వచ్చాయి. తల్లి చేతిలో వంకాయతో వచ్చి చూసి, “లచ్చనంగా ఉంది. ఎవులు?” అంది.

*

సూర్యకుమారి మామ్మ వరండాలో పీట ముందు కూర్చుని అప్పడాలు వత్తుతోంది. వత్తినవి పక్కన పాత చీర మీద వరసగా ఆరుతున్నాయి. ప్రవల్లిక స్కూటీ స్టాండు వేసీ వెయ్యకుండానే లోపలికొచ్చి పడింది.

“మెల్లిగా రాయే పిల్లా. తొక్కీగలవు” అంది మామ్మ.

“చెయ్యి కడుక్కో మామ్మా. కళ్ళజోడు పెట్టుకో. నీకో బొమ్మ చూపిస్తాను.”

“ఏటి బొమ్మ? నేను వాగినదేనా? అది సూసినాను కదే.”

“అది కాదు. ఏంజలిన్ ఆంటీ వాళ్ళ నాన్న తీసినాడట. మీ ఇంటి ముందు.”

మామ్మ చేతిలో అప్పడాల కర్ర ఆగింది. లేచి పంపు దగ్గర మోచేతుల దాకా కడుక్కుంది. ఒకసారి తుడుచుకున్న చేతులను మళ్ళీ తుడుచుకుంది. కళ్ళజోడు పెట్టుకుని వచ్చి, గుళ్ళో కూర్చున్నట్టు ముడుచుకుని కూర్చుంది. ప్రవల్లిక ల్యాప్‌టాప్‌ను పీట మీద పెట్టి, ఎండ పడకుండా తన చున్నీ అడ్డం పట్టింది. సినిమా సంగతి అప్పుడు గుర్తే లేదు. ఈవిడ ముఖం ఎలా మారుతుందో చూడాలన్నదొక్కటే మిగిలింది.

క్వార్టర్ల వరస వచ్చింది. మామ్మ ముందుకు వంగింది. బొగ్గుల పొయ్యి కనిపించగానే, ఒళ్ళో ఉన్న ఆవిడ ఎడమ చెయ్యి తనంత తానే లేచింది. గాలిలో అటూ ఇటూ నెమ్మదిగా ఆడింది, విసురుతున్నట్టు. తెర మీద ఎర్రచీర ఆవిడ పూర్తిగా కనిపించింది. మామ్మ చెయ్యి మధ్యలో ఆగి, అలాగే ఒళ్ళోకి దిగిపోయింది.

“కాదమ్మా” అంది.

“సరిగ్గా చూడు మామ్మా. ఇంకోసారి వేస్తాను.”

వేసింది. మామ్మ ఈసారి ముఖం వంక చూడలేదు, చేతుల వంకే చూసింది. “మా అమ్మ కాదు. ఎవులమ్మో. నవ్వు బాగుంది.”

“ఆంటీ మీ నాన్న పేరు చెప్పినాది మామ్మా. బెల్లం కూడా పెట్టినాదట.”

“డ్రైవరు దొర కూతురికి అప్పుడు ఎన్నేళ్ళే? ఆ లైన్లో అన్ని ఇళ్ళూ ఒక్కలాగే ఉండీవి. అన్ని ఇళ్ళలోనూ బెల్లం ఉండీది.” మామ్మ కళ్ళజోడు తీసి కొంగుతో తుడిచింది. తుడిచింది అద్దాలనేగానీ చాలాసేపు తుడిచింది. “దేనికమ్మా లేనిపోని ఆశ పెడతావు? నేను మానీసి సాన్నాళ్ళయిపోనాది.”

మళ్ళీ పిండి ముద్ద తీసుకుని వత్తడం మొదలుపెట్టింది. ఆ అప్పడం పల్చబడి పల్చబడి చిరిగిపోయింది. తన ఆత్రం కొద్దీ ముసలి ప్రాణాన్ని ఎత్తి కిందపడేసినట్టయింది. స్కూటీ ఎక్కాక గానీ కళ్ళలో నీళ్ళు తిరిగిన సంగతి తెలియలేదు.

*

రంగనాథ్ బాబాయ్‌కి గోల్ బజారులో చీరల కొట్టు. తెలుగు సంఘం అధ్యక్షుడూ ఆయనే. హాలు మాట్లాడిందీ, తెర తెప్పించిందీ ఆయనే కనక, ముందు ఆయనకు ఒకసారి చూపించాలి. శుక్రవారం పొద్దున్న గిరాకీ లేనివేళ తెల్లటి పరుపు మీద, చీరల మడతల మధ్య, ప్రవల్లిక ల్యాప్‌టాప్ తెరిచింది. స్టేషను చూసి ఆయన చప్పట్లు కొట్టాడు. మేకల్ని చూసి నవ్వాడు. ఎర్రచీర ఆవిడ రాగానే ల్యాప్‌టాప్‌ను తన వైపు లాక్కున్నాడు.

“ఆపు, ఆపు. ఎనక్కి తిప్పు.” మళ్ళీ చూశాడు. “ఇది మా నాయనమ్మే.”

“నిజంగానా బాబాయ్?”

“నాకు తెల్దేటి? మాదీ ఆ లైనే. మా తాత రైల్వేలో సేసిన రోజులు అవి. ఇంట్లో ముసలప్పటి ఫొటో ఉంది, అందులో నవ్వలేదు గానీ ముక్కు ఇదే.” ఆయన కళ్ళు చెమర్చాయి. “పేరు వెయ్యమ్మా. బొమ్మ కింద పేరు వెయ్యి. సత్యవతమ్మ.”

ప్రవల్లిక ప్రాణం లేచొచ్చింది. పాత ఫిల్ములో మనిషి దొరకడం ఒక ఎత్తు, ఆ మనిషికి పేరు దొరకడం ఇంకో ఎత్తు. ఎంతో దేవులాడినా ఊరూ పేరూ లేకుండా పోయే ముఖాలే ఎక్కువ. మామ్మ అమ్మ కాకపోతేనేం, ఒకరి నాయనమ్మ అయింది. అక్కడే కూర్చుని అక్షరాలు పేర్చింది. బాబాయ్ అప్పటికే విశాఖపట్నంలో ఉన్న అక్కకు ఫోన్ చేసి, రైలెక్కి వచ్చెయ్యమంటున్నాడు.

శనివారం పొద్దున్న హాల్లో తెర కట్టారు. సరిగ్గా పడుతుందో లేదో చూడటానికి ప్రవల్లిక సినిమా వేసింది. చిన్న ల్యాప్‌టాప్‌లో చూసినది ఇప్పుడు గోడంత అయింది. పొగ హాల్లోకి వస్తుందేమో అనిపించేలా ఉంది. రంగనాథ్ బాబాయ్ సంఘం వాళ్ళను నలుగురిని వెంటేసుకొచ్చి ముందు వరసలో కూర్చోబెట్టాడు. ఎర్రచీర ఆవిడ నవ్వగానే లేచి తెర పక్కన నిలబడ్డాడు.

“సూసినారా, మా నాయనమ్మ. ముఖం సంగతి అలా ఉంచండి. నేను గుర్తుపట్టినది దేంతోనో తెలుసా? పైటతో. సీరలమ్ముకునేవాడికి ముందు అదే కనపడతాది. అప్పట్లో మనోళ్ళ ఆడోళ్ళందరిదీ కుడి పైట. సీకాకులం పక్క నుంచి అలాగే కట్టుకుని వచ్చినారు. ఇక్కడ నలుగురూ నవ్వుతున్నారని సిగ్గుపడి, ఒక్కొక్కరే ఎడానికి మార్చీసినారు. ఇప్పుడు మీ ఇళ్ళలో ఎవులికీ గుర్తు కూడా లేదు. మా నాయనమ్మది రాజమండ్రి పక్క. ఆవిడది మొదట్నుంచీ ఎడం పైటే. ఆ రోజుల్లో ఆ లైను మొత్తానికి ఆవిడొక్కత్తే. ఇదిగో, ఎడం పైట.”

ఆయన వేలు తెర మీద ఎర్రచీర భుజాన్ని తాకింది. వెనక ప్రొజెక్టరు దగ్గర నిలబడిన ప్రవల్లిక బొమ్మను అక్కడే ఆపేసింది.

ఆ ఎడం పైట వేసింది సత్యవతమ్మ కాదు, తను. ఒక్క మీట నొక్కి తను వేసింది. పైట కుడి భుజాన ఉంటే తప్పనుకుంది. విసనకర్ర ఎడమ చేతిలో ఉంటే తప్పనుకుంది. అంతలోనే వరండాలో అప్పడాల పీట ముందు గాలిలో ఆడిన చెయ్యి గుర్తుకొచ్చింది. మామ్మ అప్పడాలు వత్తేది కుడి చేత్తో. పిండి కలిపేది కుడి చేత్తో. పొయ్యి కనపడగానే లేచింది మాత్రం ఎడమ చెయ్యి. తెర మీద కుడి చెయ్యి కనిపించాక అది దిగిపోయింది.

“ఏటమ్మా, అలాగైపోయినావు?” అన్నాడు బాబాయ్.

“ఏం లేదు బాబాయ్. ఒక పని గుర్తొచ్చినాది” అని, ల్యాప్‌టాప్ తీసుకుని, ప్రొజెక్టరు ఆర్పకుండానే పరుగెత్తింది.

ఇంటికొచ్చి చిన్న రీలును మిషనుకు ఎక్కించి, సినిమాలో వాడకుండా వదిలేసిన చివరి భాగమంతా గడి తర్వాత గడి చూసింది. మేకలకు కుడీ ఎడమా లేదు. గోడకు లేదు. పిల్ల గౌనుకు లేదు. పైట చాలుననుకున్న రోజున ఇంకే ఆనవాలూ వెతకలేదు. అసలు తను ఏం వెతుకుతోందో కూడా సరిగ్గా తెలియదు. రీలు అయిపోయే ముందు ఒక మనిషి కెమెరాకు అడ్డంగా వెళ్ళాడు. ముఖం లేదు, చొక్కా ఒక్కటే ఉంది. చొక్కా మీద జేబు, జేబులో కలం. మీట నొక్కని అసలు బొమ్మలో ఆ జేబు ఎడమ రొమ్ము మీద ఉంది.

మగవాళ్ళ చొక్కా జేబు ఎడమవైపే కదా ఉండేది? తెలిసిందే అయినా ఆ క్షణాన దేన్నీ నమ్మబుద్ధి కాలేదు. పెరట్లోకి పరుగెత్తి, తీగ మీద ఆరుతున్న తండ్రి చొక్కాలన్నీ ఒక్కొక్కటే విప్పి చూసింది. అన్నిటికీ జేబు ఎడమవైపే. “పిచ్చేటైనా పట్టినాదా, ఆరీసిన బట్టలు కింద పడేస్తున్నావు?” అని వాళ్ళమ్మ మందలిస్తుంటే ఆమెను పట్టుకుని ఊపేసింది. రీలు తిరగబడలేదు. మొదట్నుంచీ సరిగ్గానే ఉంది.

ఆ సంతోషం చల్లారకముందే బాబాయ్ గుర్తొచ్చాడు. ఆయనకు చెప్పకుండా పేరు తీసేస్తే అన్యాయం. చెప్పాలంటే నోరు రాదు. గోల్ బజారుకు వెళ్ళేసరికి ఆయన ఒక చీర విప్పి ఎవరికో అంచు చూపిస్తున్నాడు. వాళ్ళు వెళ్ళేదాకా ఆగి, ప్రవల్లిక జరిగింది జరిగినట్టు చెప్పి, రెండు బొమ్మలూ పక్కపక్కన చూపించింది.

ఆయన చాలాసేపు చీర మడత పెడుతూ ఉండిపోయాడు. మడత సరిగ్గా రాక మళ్ళీ విప్పాడు.

“అంటే ఆ ఎడం పైట నువ్వేసినది.”

“తప్పు నాదే బాబాయ్.”

“పుట్టి బుద్ధెరిగినప్పట్నుంచీ సీరల మధ్యనే ఉన్నాను. నన్ను బోల్తా కొట్టించినావు కదమ్మా.” నవ్వబోయాడు గానీ రాలేదు. “అక్క రైలెక్కిపోనాది. దానికేటి సెప్పాలి? పొద్దున్న ఫోన్‌లో ఏడిసినాది కూడా.”

ఆయన ల్యాప్‌టాప్ వైపు మరోసారి చూశాడు. కుడి పైట, ఎడమ చేతిలో విసనకర్ర, అదే నవ్వు.

“గవరయ్య కూతురికి సెప్పినావా?”

“ఇంకా లేదు. ముందు మీకు చెప్పాలని.”

“నాకు మల్లీ సెప్పొచ్చు. మా నాయనమ్మకి గోడ మీద ఫొటో ఉంది. ఆ సూరమ్మకి ఏటుంది? పేరు తీసీసి ఎల్లు. ఎల్లమ్మా, నిలబడతావేటి?”

*

ఓల్డ్ సెటిల్‌మెంట్ వరండాలో ఈసారి అప్పడాలు లేవు. మామ్మ చేటలో బియ్యం ఏరుతోంది. ల్యాప్‌టాప్‌ను చూసి ముఖం తిప్పుకుంది.

“మల్లీ దేనికి తెచ్చినావే?”

“మామ్మా, మీ అమ్మది పుర్రచెయ్యా?”

చేట ఆగింది. బియ్యపు గింజలు రెండు కింద పడ్డాయి. “నీకెవులు సెప్పినారు?”

“నీ చెయ్యే చెప్పినాది.”

ఈసారి చేతులు కడుక్కోవడానికి లేవలేదు. కళ్ళజోడు కూడా ప్రవల్లికే లోపలికి వెళ్ళి వెతికి తెచ్చింది. చున్నీ అడ్డం పట్టి, బొమ్మ వేసింది. క్వార్టర్ల వరస వచ్చింది, పొయ్యి వచ్చింది. ఎర్రచీర ఆవిడ ఎడమ చేత్తో విసురుతూ, పొగకు ముఖం తిప్పి, నవ్వి, కుడి భుజం మీంచి కొంగు లాగి నోటికి అడ్డం పెట్టుకుంది. మామ్మ ఎడమ చెయ్యి లేచింది. తెర మీది చెయ్యి ఎలా ఆడుతుంటే ఒళ్ళోంచి లేచిన చెయ్యి అలాగే ఆడింది. ఈసారి ఆగలేదు. బొమ్మ అయిపోయినా కొంతసేపు ఆడుతూనే ఉంది.

“అమ్మ” అంది మామ్మ. ప్రవల్లికతో కాదు. డెబ్బై ఏళ్ళ గొంతులో ఆ మాట అయిదేళ్ళ పిల్ల పిలిచినట్టే ఉంది.

ప్రవల్లిక మళ్ళీ వేసింది. మళ్ళీ వేసింది. నాలుగోసారో అయిదోసారో మామ్మ వేలు పెట్టి గౌను పిల్లను చూపించింది. “ఇది నేను. ఇసనకర్ర ఇమ్మంటే ఇచ్చీది కాదు, నిప్పు మీద పడతానని.” కళ్ళ నీళ్ళు గడ్డం దాకా కారుతున్నా తుడుచుకోలేదు. “మొన్న ఇదే కదే సూపించినావు. మొన్న ఎందుకు మా అమ్మ కాలేదు?”

చెప్పక తప్పలేదు. అద్దంలో బొమ్మ తిరగబడినట్టు రీలు తిరగబడిందనుకున్నాననీ, కుడి పైటా ఎడమ చెయ్యీ చూసి తప్పనుకుని సరిదిద్దాననీ చెప్పింది. మామ్మ అంతా విని, కొంగుతో ముక్కు తుడుచుకుంది.

“మా నాయనమ్మ ఆ సెయ్యి మీద ఎన్ని దెబ్బలు కొట్టినాదో. పుర్రసేత్తో వండితే ఇంటికి అరిష్టమని వాత కూడా పెట్టినాది. అమ్మ పోయినాక నన్ను పెంచినది ఆవిడే. నాకు రాకూడదని ఎడం సెయ్యి గుడ్డతో కట్టీసి ఉంచీది. నాది మారిపోనాది. మా అమ్మది మాత్రం సచ్చేదాకా మార్చలేకపోనాది.” ప్రవల్లికను చూసి, తడి ముఖంతోనే నవ్వింది. తెర మీద ఉన్న నవ్వు అదే. “నువ్వు ఒక్క నొక్కుతో మార్చీసినావు.”

ప్రవల్లిక ఆవిడ ఒళ్ళో ముఖం పెట్టేసింది. మామ్మ చెయ్యి ఆమె తల మీద పడింది.

“సరేలే. దిద్దీసినది నువ్వే, ఇప్పినది నువ్వే. పేరు ఏసినావా?”

“నువ్వు చెబితే వేస్తాను.”

“అప్పాయమ్మ” అంది మామ్మ. ప్రవల్లిక అక్షరాలు పేర్చడం పక్కన కూర్చుని చూసింది. ఆవిడకు చదువు రాదు. అయినా పేరు పడ్డాక వేలితో ఒక్కో అక్షరం కిందా గీసుకుంటూ పోయింది.

*

ఆదివారం సాయంత్రానికి హాలు నిండిపోయింది. మలంచా నుంచి ఏంజలిన్ ఆంటీ తెల్ల గౌను వేసుకుని, తండ్రి పాత కెమెరాను మెళ్ళో వేసుకుని వచ్చింది. రంగనాథ్ బాబాయ్ తన అక్కను వెంటబెట్టుకొచ్చి, “మన నాయనమ్మ కాదు గానీ మన లైనావిడే, సూడు” అని ముందే చెప్పి కూర్చోబెట్టాడు. ఆవిడ మూతి ముడుచుకునే కూర్చుంది. ప్రవల్లిక ప్రొజెక్టరు దగ్గరికీ గుమ్మం దగ్గరికీ కాలుగాలిన పిల్లిలా తిరుగుతోంది. మామ్మ ఇంకా రాలేదు.

దీపాలు ఆర్పుదామా అని ఎవరో అడుగుతుండగా గుమ్మంలో సూర్యకుమారి మామ్మ కనిపించింది. పెట్టెలోంచి తీసిన ఎర్రచీర కట్టింది, మడతల గీతలింకా పోలేదు. ఆవిడను చూడగానే ప్రవల్లికకు ఏదో తేడాగా అనిపించింది. ఒక్క క్షణం, అలవాటు కొద్దీ, బొమ్మ తిరగబడిందనిపించింది కూడా. పైట కుడి భుజం మీద ఉంది. చూసినవాళ్ళు ఒకరినొకరు మోచేత్తో పొడుచుకుంటున్నారు. మామ్మ ఎవరినీ చూడకుండా, జారిపోతున్న కొంగును ఎడమ చేత్తో పట్టుకుని, తిన్నగా ప్రవల్లిక దగ్గరికొచ్చింది.

“పిన్నీసుందేటే? ఎప్పుడూ ఇలా ఏసుకోలేదు, నిలబడటం లేదు.”

ప్రవల్లిక తన చున్నీకున్న పిన్నీసు తీసి, మామ్మ కుడి భుజం మీద మడత సర్ది పెట్టింది. మొదటిసారి వంకరగా వచ్చింది. తీసి, మళ్ళీ పెట్టింది.

“ఇప్పుడు సరిగ్గా ఉందా?” అంది మామ్మ.

“సరిగ్గా ఉంది మామ్మా.”

మామ్మ వెళ్ళి ఏంజలిన్ ఆంటీ పక్కన కూర్చుంది. ప్రవల్లిక దీపాలు ఆర్పమని చెప్పింది.